హమ్రియా గదిలో లైన్ క్లియర్

మొన్న ఇల్లు సర్దుతూ మా ఆవిడ అటక మీది నుంచి నా పాత గల్ఫ్ పెట్టె దింపించింది. అందులో ఎండిపోయిన షేవింగ్ క్రీమ్ ట్యూబు, ఎవరివో తెలియని ఒంటి సాక్సులు, ఖర్జూరం డబ్బా మూత, వీటన్నిటి కిందా ఒక రాగి కడియం బయటపడ్డాయి. చేతికి తొడుక్కునే కడియం కాదు. చెయ్యి దూర్చి భుజానికి తగిలించుకునేంత పెద్దది. ఒక చోట దానికి తోలు సంచి కుట్టి ఉంది, ఆ సంచిలో బీరువా తలుపుకి ఉండేలాంటి గుండ్రటి ఇత్తడి పిడి. వీధిలో పాత సామాన్లవాడు అరుస్తూ పోతుంటే ఆవిడ పిలిచి, రాగి కదా అని అప్పటికే బేరం మొదలుపెట్టేసింది. నేను బనీను మీదే పరిగెత్తుకెళ్ళి వాడి తక్కెట్లోంచి లాక్కున్నాను. అంత అపురూపం ఏమిటండీ ఇది అని ఆవిడ అడిగింది. మేం దీంతోనే బాత్రూముకి వెళ్ళేవాళ్ళం అని చెప్పాను. పాత సామాన్లవాడు నన్నూ మా ఆవిడనూ మార్చి మార్చి చూసి, ఆవిడ మీద జాలిపడి తక్కెడ సర్దుకుని వెళ్ళిపోయాడు.

అది చెప్పాలంటే మస్కట్‌లో హమ్రియా అనే పేటలో మా గది గురించి చెప్పాలి. నేను ఏసీ మెకానిక్కుగా ఒమన్ వెళ్ళిన కొత్త. మా కంపెనీ వాళ్ళు ఓ పాత ఇంటి మేడ మీది వాటా అద్దెకు తీసుకుని మమ్మల్ని ఎనిమిది మందిని అందులో కుక్కారు. రెండు గదులు, ఓ వంటిల్లు, ఒకే ఒక్క బాత్రూము. కింద కిరాణా కొట్టు, దాని పక్కన దర్జీ కొట్టు, ఎదురుగా మేకమాంసం కొట్టు. పొద్దున్నే లేస్తే ముందు నిమ్మ ఫినాయిలు వాసన, తర్వాత మా గదిలో ఉండే నాయుడు గారి అగరొత్తి, ఆ తర్వాత మాకు వంట చేసే మస్తాన్ భాయ్ తిరగమోత. ఈ మూడూ కలిసి ముక్కులోకి వచ్చాయంటే బస్సుకి టైమైపోతోందని అర్థం. కంపెనీ బస్సు చీకటి ఉండగానే పెట్రోలు బంకు మలుపులో ఆగేది. ఆగేది అనడం మర్యాద కోసం. కాస్త నెమ్మదించేది, అంతే. ఎక్కినవాడు ఎక్కినట్టు, మిగిలినవాడికి ఆబ్సెంటు.

ఆ బాత్రూము తలుపుకి గొళ్ళెం ఉండేది కాదు. అంతకుముందు మస్కట్ మొత్తాన్నీ ముంచేసిన తుఫానులో మేడ మీదికి కూడా వాన కొట్టి, తలుపు చెక్క చీకి బిస్కెట్టులా అయిపోయింది. నేనే నాలుగుసార్లు మేకులు కొట్టాను, నాలుగుసార్లూ గొళ్ళెం నా చేతిలోకే వచ్చేసింది. ఇంటి ఓనరు ముసలి ఒమానీ ఆయన, మేం అర్బాబ్ అనేవాళ్ళం. చాలా మంచివాడు. ఎప్పుడు అడిగినా తలుపు మార్పిస్తాను, బుక్రా, ఇన్షా అల్లా అనేవాడు. బుక్రా అంటే రేపు. ఆ రేపు కోసం చూసి చూసి మా కళ్ళు కాయలు కాశాయి. అందుకని లోపల మనిషి ఉన్నట్టు బయటివాళ్ళకి తెలియజేయడానికి తలో పద్ధతీ పెట్టుకున్నాం. నాయుడు గారు విష్ణు సహస్రనామం చదివేవారు. ఇంకొకాయన ఊరికే దగ్గేవాడు. జగిత్యాల మల్లేశం మాత్రం మహా సిగ్గరి. నోరు విప్పేవాడు కాదు.

అనుకున్నంతా అయింది. ఓ రోజు గడ్డం గీసుకుంటుంటే కళ్ళలో సబ్బు పడి, కళ్ళు మూసుకునే తడుముకుంటూ లోపలికి పోయాను. మల్లేశం అదే తలుపులోంచి బయటికొస్తున్నాడు, వాడి కళ్ళ నిండా కూడా సబ్బే. తుడుచుకోవడానికి మా ఇద్దరి తువ్వాళ్ళూ ఎక్కడున్నాయో దేవుడికే తెలియాలి. ఆ తర్వాత చాలా రోజులు వాడు నన్ను చూస్తే నేల చూపులు చూసేవాడు. భోజనాల దగ్గర పచ్చడి కావాలన్నా నన్ను అడగకుండా లేచి చుట్టూ తిరిగి వెళ్ళి తెచ్చుకునేవాడు. గది మొత్తానికి అది పెద్ద సమస్య అయి కూర్చుంది.

అప్పుడు రంగంలోకి దిగినవాడు మస్తాన్ భాయ్. మా అందరికన్నా పెద్దవాడు. కంపెనీ స్టోరులో పని. గది తాళం, గ్యాసు బండ, వంట, అన్నీ ఆయన చేతిలోనే. ఊరు గుంతకల్లు. ఆ ఊళ్ళో మనిషి రైల్వేలో పుట్టి రైల్వేలో పోతాడని ఆయన అభిప్రాయం. వాళ్ళ తాత పాయింట్స్‌మన్, నాన్న ఫైర్‌మన్, అన్న గార్డు, బావమరిది లోకోషెడ్డు. ఆ ఇంట్లో రైలు ఉద్యోగం లేనివాళ్ళు ఇద్దరే, వాళ్ళమ్మా, ఈయనా. ఎందుకు రాలేదు భాయ్ అంటే, రికమండేషను లేదప్పా అనేసి గరిటె గట్టిగా తిప్పేవాడు. రైలన్నదే లేని దేశానికి వచ్చి కూర్చున్నాడు గాని, ఆ మనిషి మనసంతా పట్టాల మీదే ఉండేది. ఇంకేదీ అడక్కపోయినా, ఒక్కరోజు, ఒక్క పూట, రైలు పని చేసి పోవాలని ఆయనకి ఎంత ఉందో మా అందరికీ తెలుసు.

అన్నం తిన్నాక ఆయన చెప్పే కబుర్లన్నీ అవే. రైలు రాకముందు గుంతకల్లు అంటే నాలుగు గుడిసెలూ, నల్లరేగడీ అట. పొద్దు చూసి లేవడం, పశువులు ఇల్లు చేరితే వండుకోవడం. అందరిదీ ఒకే పొద్దు, కాని ఎవరి టైము వాళ్ళది. రైలొచ్చి మొట్టమొదట చేసిన పని జనానికి నిమిషం అంటే ఏమిటో చూపించడం అనేవాడు. ఆ కొత్తలో ఊళ్ళవాళ్ళు పొద్దుటి బండికి ముందురోజే వచ్చి, వంటసామానుతో ప్లాట్‌ఫారం మీద కాపురం పెట్టేవాళ్ళట. షెడ్డు సైరను మోగితే ఊరంతా లేచేది, ఇంకోసారి మోగితే పొయ్యి ఎక్కేది. వాళ్ళమ్మ మెయిలు బండి పోయిన చప్పుడు వినందే పప్పులో ఉప్పు వేసేది కాదు. మెయిలు లేటైతే ఇల్లంతా పస్తు. ఎడ్లబళ్ళ మీద వారాల తరబడి నలిగే పత్తి ఒక్క రాత్రిలో బొంబాయి మిల్లుకి పోయేది, మిల్లు బట్ట అదే బండిలో తిరిగొచ్చి పక్కూరి సాలెవాళ్ళ మగ్గాలు మూయించేది. ఆ సాలెవాళ్ళే మళ్ళీ అదే బండెక్కి అదే మిల్లుకి కూలికి పోయేవాళ్ళు. సోడా, ఐసు, ఇంగ్లీషు మందులు, దూరపు సంబంధాలు, అన్నీ రైలే తెచ్చింది. ఇంట్లో గడప దాటనియ్యని మనిషి పక్కనే బల్ల మీద మోకాలికి మోకాలు ఆనించి కూచోబెట్టింది కూడా రైలే. ఆయన చెబుతుంటే మా ఎనిమిది మంచాలూ ఏదో బండిలో బెర్తుల్లాగే అనిపించేవి.

ఓసారి అర్బాబ్ అద్దె డబ్బుల కోసం వచ్చి ఈ కబుర్లలో ఇరుక్కుపోయాడు. మస్తాన్ భాయ్ తనకొచ్చిన అరబ్బీలో సగం, చేతులతో సగం, నోటితో ఆవిరి ఇంజను చప్పుడు చేస్తూ చెప్పాడు. ముసలాయన విని విని, మాకూ అంతేనయ్యా అన్నాడు. ఆయన చిన్నతనంలో దూరపు ఎడారి ఊరు ఇబ్రి నుంచి మస్కట్ రావాలంటే ఒంటెల మీద రోజుల తరబడి ప్రయాణం. దారిలో ఎవరైనా పోతే అక్కడే పూడ్చిపెట్టి సాగిపోవడమే. తారు రోడ్డు పడ్డాక పొద్దున కోసిన ఖర్జూరం మధ్యాహ్నానికి ఇక్కడి అంగట్లో ఉంటోందన్నాడు. మీ గుంతకల్లుకి పట్టాలు ఏం చేశాయో మాకు రోడ్డు అదే చేసింది అంటూ కాఫీ తాగి, తలుపు మాట ఎత్తితే మాత్రం బుక్రా అని లేచిపోయాడు.

సరే, బాత్రూము సంగతి. నాయుడు గారు మా కంపెనీలో టైమ్‌కీపరు, లెక్క ప్రకారం మాట్లాడే మనిషి. తలుపు పైన రెండు బల్బులు పెట్టమన్నారు. మనిషి లోపలుంటే ఎరుపు, లేకపోతే ఆకుపచ్చ. ఏసీ ప్యానెల్లో ఉండే చిన్న దీపాలు నా దగ్గర బోలెడు. ఓ గంట పని. నేను సరేననేలోపే మస్తాన్ భాయ్ కస్సుమన్నాడు. దీపాలు గీపాలు ఈ గదిలో పెట్టేది లేదు, కరెంటు పోతే ఏం చేస్తారు, ఫ్యూజు కొడితే ఏం చేస్తారు అని అంతెత్తున లేచాడు. ఆయనకి అంత కోపం రావడం మేం అంతకుముందు చూడలేదు. ఆ తర్వాత కాస్త చల్లబడి, టోకెను పెట్టుకుందాం అన్నాడు.

ఒకే పట్టా ఉన్న దారిలో ఎదురెదురుగా రెండు బళ్ళు రాకుండా పాతకాలం వాళ్ళు కనిపెట్టిన ఉపాయం అది. రెండు స్టేషన్ల మధ్య దారి ఒక సెక్షను, దానికి ఒక్కటే టోకెను. అది చేతిలో ఉన్న డ్రైవరే బండి కదపాలి. అవతలి స్టేషనులో దాన్ని అప్పజెప్పాకే ఇంకో బండి బయల్దేరాలి. ఆగని బండైతే, పోతూ పోతూనే టోకెను సంచి కట్టిన కడియాన్ని ప్లాట్‌ఫారం మీదున్న మనిషి చేతికి తగిలించేస్తారు. మస్తాన్ భాయ్ తాత జీవితమంతా చేసిన పని అదే. చెయ్యి చాపి నిలబడితే కడియం వచ్చి భుజాన పడేదట. ఇంక మాకు కావలసిందేముంది. నేను పాత ఏసీలోంచి రాగి గొట్టం తీసి వంచి కడియం చేశాను. దర్జీ కొట్టులో తోలు సంచి కుట్టించాం. ఎవరో పారేసిన బీరువా తలుపు పిడిని టోకెనుగా అందులో వేశాం. కడియం భుజాన ఉన్నవాడే లోపలికి పోవాలి, బయటికి రాగానే తర్వాతివాడి చేతికి ఇవ్వాలి. మస్తాన్ భాయ్ మంచం మీద స్టేషను మాస్టరులా కూచుని, లైన్ క్లియర్ అనేవాడు.

మస్తాన్ భాయ్ మాకు ఒక్క సూత్రం నూరిపోశాడు. "కంటికి లైను ఖాళీగా కనపడినా సరే, టోకెను చేతిలో లేకుంటే కదలగూడదప్పా. కన్ను మోసం చేస్తాది. చెయ్యి చెయ్యదు." మల్లేశానికి ఆ మాట వేదవాక్కు అయిపోయింది. కడియం భుజాన వేసుకుని ధైర్యంగా లోపలికి పోయి, జీవితంలో మొదటిసారి తీరిగ్గా స్నానం చేశాడు. నాతో మాటలు కూడా కలిపాడు. గదికి ఒక పద్ధతి వచ్చింది. గడ్డం గీసుకుంటూ అద్దం ముందు కలలు కనేవాళ్ళు తగ్గారు. పక్క వాటాలో ఉన్న మలయాళీలు వచ్చి చూసి, నవ్వి, వారం తిరక్కుండా తమ బాత్రూముకి స్టీలు గరిటెని టోకెనుగా పెట్టుకున్నారు. మస్తాన్ భాయ్ ఆ రోజుల్లో నడిచే తీరే వేరు. అప్పుడే పేపర్లో గల్ఫ్ దేశాలన్నీ కలుపుతూ రైలు వేస్తారని వార్త వస్తే, దాన్ని కత్తిరించి వంటింట్లో అంటించాడు. వాళ్ళు పిలిస్తే వెళ్ళడానికి తను సిద్ధమన్నట్టు ఉండేది వ్యవహారం.

ఆ వైభవం ఎన్నాళ్ళో నిలవలేదు. ఓ రోజు తెల్లవారక ముందే ఇబ్రి సైటుకి మనుషులు తక్కువయ్యారని పికప్ వచ్చి కింద హారను కొట్టింది. మల్లేశం అప్పుడే స్నానం చేసి వచ్చాడు. గాభరాలో ప్యాంటు, చొక్కా, సంచి, చెప్పులు అన్నీ ఒకేసారి వేసుకుని మెట్లు దిగిపోయాడు. పికప్ పోయాక చూసుకుంటే కడియం లేదు. వాడి భుజానే ఇబ్రి వెళ్ళిపోయింది.

ఇప్పుడు ఆలోచిస్తే నవ్వొస్తుంది గాని, ఆ పొద్దున మేం ఏడుగురం తువ్వాళ్ళు కట్టుకుని, నోట్లో పేస్టు నురగతో, బార్లా తెరిచి ఉన్న బాత్రూము ముందు నిలబడిపోయాం. లోపల ఎవరూ లేరని అందరికీ కనపడుతోంది. బకెట్టు నిండి నీళ్ళు పొర్లిపోతున్నాయి. ఎవరూ కదలరు. నేను ఓ అడుగు వేస్తే మస్తాన్ భాయ్ చెయ్యి అడ్డం పెట్టాడు. టోకెను సెక్షన్లో ఉండాది, ఎట్ల పోతావ్ అన్నాడు. సెక్షన్లో లేదు భాయ్, ఇబ్రిలో ఉంది అన్నాను. అయితే సెక్షను ఇబ్రి దాకా ఉన్నట్టే అన్నాడు. ఈ వాదన తేలేలోపు బంకు మలుపులో బస్సు నెమ్మదించి, మళ్ళీ వేగం అందుకుని వెళ్ళిపోయిన చప్పుడు అందరం విన్నాం. మర్నాడు ఫోర్‌మన్ అందర్నీ వరసలో నిలబెట్టి కారణం అడిగితే, హిందీ బాగా వచ్చని నన్ను ముందుకి తోశారు. బాత్రూము ఖాళీగానే ఉంది సాబ్, కాని టోకెను లేదు అన్నాను. ఆయన నన్ను దగ్గరికి పిలిచి, తాగావా అని నోరు వాసన చూశాడు.

ఆ సాయంత్రం నాయుడు గారు మీటింగు పెట్టారు. టైమ్‌కీపరుగా పనిచేస్తూ తనే ఆబ్సెంటు వేయించుకున్న అవమానం ఆయనది. కడియం రద్దు, రేపే బల్బులు పెట్టాలన్నారు. అందరూ చేతులెత్తారు. నా చెయ్యి కూడా లేచింది. మస్తాన్ భాయ్ వంటింట్లోకి వెళ్ళి, ఆ పూట చారులో ఉప్పు మర్చిపోయాడు. ఆయన ఉప్పు మర్చిపోవడం అదే మొదలు.

మర్నాడు డ్యూటీ దిగి వచ్చి దీపాలు బిగించాను. మిగతావాళ్ళింకా రాలేదు. మస్తాన్ భాయ్ మంచం మీద కూచుని టమాటాలు తరుగుతున్నాడు. టమాటాలు కొనడానికి ఆయన ఎప్పుడూ నన్ను వెంట తీసుకెళ్ళేవాడు. నీ చెయ్యి మంచిదప్పా, నువ్వే ఏరు అనేవాడు. నేను లేనిరోజు ఒక్కో పండునూ బొటనవేలితో నొక్కి నొక్కి చూసి కొట్టువాడితో తిట్లు తినేవాడు. నేను స్టూలు మీద నిలబడి స్విచ్చి వేసి, కింది నుంచి చూస్తే సరిగ్గా కనపడుతోందా లేదా అని, ఏది వెలిగింది భాయ్ అన్నాను. వెలుగుతాంది అన్నాడు. వెలుగుతోందిలే, రంగేది అన్నాను. తిరిగి చూస్తే కత్తి పక్కన పెట్టి ఆ దీపం వైపే చూస్తున్నాడు. చాలాసేపు చూశాడు.

"మద్రాసులో డాక్టరు గూడా ఇదే అడిగినాడు, సూరీ," అన్నాడు. "రెండు దీపాలు పెట్టి, ఇది ఏది, అది ఏది అని. రెండూ వెలుగుతాండాయి సార్ అని చెప్పినా."

రైల్వే ఉద్యోగం ఆ పరీక్షలోనే పోయిందట. రికమండేషను కథ వాళ్ళ నాన్న కోసం అల్లిందట. ఎక్కడో రికార్డు రూములో కాగితాలు మోసే పని ఇస్తామన్నారట, రైలు కనపడని రైలు ఉద్యోగం నాకెందుకని పోలేదట. గుంతకల్లులో సైరను మోగినప్పుడల్లా చెవులు మూసుకోవలసి వస్తోందని, అసలు రైలే లేని దేశం ఏదని ఏజెంటుని అడిగి మరీ ఒమన్ వచ్చాడట. కన్ను మోసం చేస్తాది, చెయ్యి చెయ్యదు అని ఆయన ఎందుకన్నాడో నాకప్పుడు తెలిసింది. స్టూలు మీదే నిలబడి, బిగించిన దీపాలు రెండూ విప్పేశాను. మిగతావాళ్ళు వచ్చాక, ఈ గోడలో తుఫాను తేమ ఇంకా ఉంది, దీపం పెడితే షాకు కొడుతుంది అని చెప్పాను. మెకానిక్కు మాట కాదనడానికి ఎవరికీ ధైర్యం చాలలేదు.

స్క్రాచ్ కార్డు గీకి మల్లేశానికి ఫోన్ చేశాను. కడియం భద్రంగా ఉందట, మంచం పైన మేకుకి తగిలించాడట. ఇటు వచ్చే వాళ్ళెవరికైనా ఇచ్చి పంపరా అంటే ససేమిరా అన్నాడు. టోకెను దారిలో పోయేవాడికి ఇవ్వొద్దని భాయ్ చెప్పాడు కదా అని నాకే పాఠం చెప్పాడు. గదిలో కడియం రద్దయిందనీ, భాయ్ ముఖం చూడలేకపోతున్నామనీ చెప్పాను. రంగుల సంగతి చెప్పలేదు.

"శుక్రవారం సామాను బండిల నేనొస్త అన్నా," అన్నాడు. "భాయ్‌ని రోడ్డు మీద నిలవెట్టు. బండి మాత్రం ఆపం."

ఇప్పుడు మా ఇంట్లో మూడు బాత్రూములు. మూడిటికీ గొళ్ళేలు. మా అమ్మాయి ఫోన్ పట్టుకుని లోపలికి పోతే ఎప్పుడు వస్తుందో ఎవరికీ తెలియదు, తెలుసుకోవలసిన అవసరమూ లేదు. రైళ్ళలో ఆ కడియాలు పోయి చాలా కాలమైంది, అన్నీ దీపాలూ మీటలే. టైము సెకన్లతో సహా జేబులో ఉంది, అయినా ఎవరూ ఎక్కడికీ టైముకి రారు. ఒమన్లో రైలు పట్టాలు నేనున్నంత కాలం కాగితం మీదే ఉన్నాయి. మస్తాన్ భాయ్ నాకన్నా ముందే ఉద్యోగం వదిలి గుంతకల్లు వెళ్ళిపోతూ, కడియం నా చేతిలో పెట్టి, నీ తర్వాత ఎవరికి ఇస్తావో నీ ఇష్టం అన్నాడు. ఇవ్వడానికి నాకు ఎవరూ దొరకలేదు. అందుకే అటక మీద ఉండిపోయింది.

ఆ శుక్రవారం మాత్రం నా కళ్ళ ముందు అలాగే ఉంది. మస్తాన్ భాయ్ నమాజు నుంచి వచ్చి, తెల్ల బట్టలు మార్చి, సెలవు రోజున కంపెనీ నీలం చొక్కా ఇస్త్రీ చేసి వేసుకున్నాడు. వాళ్ళ తాతది కూడా నీలం చొక్కాయే. మెడ దాకా గుండీలు పెట్టుకున్నాడు. కింద రోడ్డు పక్కన కిరాణా కొట్టు ముందు ఎడం చెయ్యి చాపి నిలబడ్డాడు. ఆ ఎండలో అంతసేపు అలా చెయ్యి చాపి నిలబడితే పోయే జనం ఆగి చూడటం మొదలెట్టారు. దర్జీ బయటికొచ్చాడు. మలయాళీలు గరిటెతో సహా వచ్చారు. అర్బాబ్ కారు ఆపి దిగాడు. మేడ మీద కిటికీలో నాయుడు గారు. ఎండకి భాయ్ మెడ మీది నుంచి చెమట కారుతోంది, చెయ్యి మాత్రం దించలేదు. మలుపులో పికప్ కనపడింది. పఠాన్ డ్రైవరు హారను మీద చెయ్యి తియ్యకుండా కొడుతున్నాడు, వెనక సిమెంటు బస్తాల మీద మల్లేశం ఒక చేత్తో కడ్డీ పట్టుకుని, ఇంకో చేత్తో కడియం బయటికి చాపి ఉన్నాడు. కడియం జారి కాలవలో పడుతుందని, భాయ్ చెయ్యి విరుగుతుందని, ఎన్నో అనుకున్నాను. పికప్ ఆగలేదు. కడియం వచ్చి భుజాన పడింది. మస్తాన్ భాయ్ ఆ ఊపుకి గిర్రున ఒక చుట్టు తిరిగి, రెండడుగులు తూలి, నిలబడ్డాడు. కడియం భుజం మీదే ఉంది.

చప్పట్లు కొట్టింది మొదట అర్బాబే. మస్తాన్ భాయ్ ఎవరి వంకా చూడలేదు. సంచి నొక్కి లోపల పిడి ఉందో లేదో చేత్తో తడిమి చూసుకున్నాడు. మెట్లెక్కి పైకి వచ్చి, బాత్రూము ముందు నిలబడి, కళ్ళ నీళ్ళు కారుతుంటే తుడుచుకోకుండానే కడియం నా భుజానికి తగిలించి, లైన్ క్లియర్ అన్నాడు. నేను అప్పటికే స్నానం చేసి తల దువ్వుకుని పౌడరు కూడా రాసుకుని ఉన్నాను. అయినా వెళ్ళాను. కాసేపు కుళాయి విప్పి, కట్టేసి, బయటికొచ్చి కడియం తీశాను. నా వెనకే నాయుడు గారు తువ్వాలు భుజాన వేసుకుని, చెయ్యి చాపి నిలబడి ఉన్నారు.